ఏడవొద్దు అనని కోచ్

ముందే చెప్పేస్తున్నా. ఫుట్‌బాల్ అనగానే మెస్సీ, రొనాల్డో అనుకుని క్లిక్ చేసినవాళ్లు కాస్త ఆగండి. ఇది ఆ ఫుట్‌బాల్ కాదు. మన హైదరాబాద్‌కి బాగా తెలిసిన ఫుట్‌బాల్, అంటే స్కూల్లో పాఠాలు చెప్పిన రహీం సాబ్ ఇండియా టీంకి కోచ్ అయి 1962 ఏషియన్ గేమ్స్‌లో గోల్డ్ తెచ్చిపెట్టిన ఫుట్‌బాల్, కాలితో ఆడేది. నేను చెప్పబోయేది ఎక్కువగా చేతులతో ఆడేది, అమెరికావాళ్లది. రెండు వైపులా మొన తేలిన బంతి, తలకి హెల్మెట్, భుజాలకి మెత్తలు. రాజమౌళి ‘సై’లో నితిన్ గ్యాంగ్ ఆడిన రగ్బీకి దగ్గరి చుట్టం అనుకోండి.

రూల్స్ అన్నీ చెప్పి బోర్ కొట్టించను. రెండు ముక్కలు చాలు. బంతి ఉన్న టీంకి నాలుగు ఛాన్సులు ఇస్తారు, ఆ నాలుగింట్లో పది గజాలు ముందుకెళ్లాలి. వెళ్తే మళ్లీ నాలుగు ఛాన్సులు. వెళ్లలేకపోతే బంతి అవతలివాళ్లకి పోతుంది. దూసుకెళ్లే బ్యాచ్ వేరు, ఆపే బ్యాచ్ వేరు. బంతి చేతులు మారగానే పదకొండుమందీ బయటికొచ్చి వేరే పదకొండుమంది లోపలికెళ్తారు. దూసుకెళ్లే బ్యాచ్‌లో హీరో పేరు క్వార్టర్‌బ్యాక్. బంతి విసిరేది ఆయనే, పోస్టర్ మీద ఉండేదీ ఆయనే. ఆ హీరో బంతి వదిలేలోపు మీద పడి నేల కరిపిస్తే దాన్ని ‘శాక్’ అంటారు. డిఫెండర్‌కి జీవితంలో అంతకంటే పండగ ఉండదు.

ప్రో కబడ్డీ చూసేవాళ్లకి ఈ బాధ తెలుసు. రైడర్‌కి వచ్చే ఈలలు వేరు, వాడి కాలు పట్టుకుని వేలాడిన డిఫెండర్‌కి వచ్చే ఈలలు వేరు.

అలాంటి ఒక డిఫెండర్ కథ ఇది. పేరు జో ఎర్మన్. న్యూయార్క్ రాష్ట్రంలో బఫెలో అనే ఊళ్లో 1949లో పుట్టాడు. చలికి, మంచుకి, అప్పట్లో ఉక్కు ఫ్యాక్టరీలకి పేరున్న ఊరు. మెత్తగా మాట్లాడితే పనులు జరిగే చోటు కాదు. జోకి ఐదేళ్లప్పుడు వాళ్ల నాన్న ఇంటి కింద ఉండే బేస్‌మెంట్‌లోకి తీసుకెళ్లి గుద్దులు ఎలా గుద్దాలో, ఎలా కాచుకోవాలో నేర్పించాడట. మధ్యలో పిల్లాడు ఏడ్చాడు. నాన్న ఏమన్నాడో ఊహించండి. ఊహించడం కష్టం కాదులెండి, మన ఇళ్లల్లో కూడా అదే డైలాగ్. ఆ కన్నీళ్లు ఆపు, మగాడిలా ఉండు.

ఈ సంఘటనని జో తర్వాత వందల స్టేజీల మీద చెప్పాడు. తన జీవితంలో విన్న అన్ని మాటల్లోకీ ఎక్కువ దెబ్బ తీసినవి ఆ మాటలే అని.

ఐదేళ్ల పిల్లాడికి మగాడిలా ఉండడమంటే ఏం తెలుస్తుంది చెప్పండి? ఏడవకూడదు అని మాత్రం తెలుస్తుంది. మిగతాదంతా ఆ పిల్లాడే చుట్టుపక్కల చూసి పూరించుకోవాలి. జో కూడా అలాగే పూరించుకున్నాడు. ఒంట్లో బలం ఉంది, ఎదుటివాణ్ని పడేస్తే చప్పట్లు కొడుతున్నారు, అయితే ఇదే కాబోలు మగతనం అనుకున్నాడు.

కాలేజీ ఫుట్‌బాల్ ఆడింది సిరాక్యూస్ యూనివర్సిటీలో. చిన్నాచితకా చోటు కాదు. జిమ్ బ్రౌన్ లాంటి దిగ్గజం ఆడివెళ్లిన గ్రౌండ్. అమెరికాలో కాలేజీ ఫుట్‌బాల్ అంటే మన ఇంటర్ కాలేజ్ టోర్నీలా నలుగురు ఫ్రెండ్స్, ఒక నిద్రపోతున్న అంపైర్ అనుకునేరు. స్టేడియాలు నిండిపోతాయి, టీవీలో లైవ్ వస్తుంది, ఊరు ఊరంతా ఆ శనివారం కోసమే బతుకుతుంది. అక్కడ జో డిఫెన్సివ్ టాకిల్. అంటే డిఫెన్స్ వరసలో సరిగ్గా మధ్యలో నిలబడి, ఎదురుగా తన సైజులోనే ఉన్న మనిషిని తోసుకుంటూ బంతి ఉన్నవాడి దగ్గరికి వెళ్లాల్సిన ఉద్యోగం. ప్రతి ఆటలో డజన్లకొద్దీ సార్లు గోడని గుద్దుకోవడం లాంటిది. 1970లో ఆల్ అమెరికన్ గుర్తింపు వచ్చింది. ఇది కాలేజీ ఆటగాడికి దక్కే పెద్ద గౌరవం.

1973లో ప్రొఫెషనల్ లీగ్ డ్రాఫ్ట్. మన ఐపీఎల్ వేలం లాంటిదే కానీ డబ్బు పాడుకోరు, టీంలు వరసగా ఒక్కొక్కరిని ఎంచుకుంటాయి. దేశంలోని కాలేజీ కుర్రాళ్లందరిలో పదో వాడిగా జోని బాల్టిమోర్ కోల్ట్స్ ఎంచుకుంది. అదే టీం అదే రోజు రెండో వాడిగా ఎంచుకున్న కుర్రాడు బర్ట్ జోన్స్, క్వార్టర్‌బ్యాక్. అంటే హీరో, విలన్ ఒకే ఇంట్లో దిగారన్నమాట.

మొదట్లో టీం ఘోరంగా ఉంది. 1974లో 14 మ్యాచ్‌లు ఆడి గెలిచింది రెండే. మరుసటి ఏడాది అదే టీం 10 గెలిచింది. జో, జాన్ డటన్, ఫ్రెడ్ కుక్, మైక్ బార్న్స్ ఈ నలుగురు డిఫెన్స్ వరసకి జనం ‘శాక్ ప్యాక్’ అని పేరు పెట్టేశారు. 1975, 76, 77 మూడేళ్లూ వాళ్ల డివిజన్ టాప్ వాళ్లదే. మూడేళ్లూ ప్లేఆఫ్ మొదటి మ్యాచ్‌లోనే ఇంటిదారి. 1977 డిసెంబర్ 24న సొంత ఊళ్లో ఓక్లండ్ రైడర్స్ చేతిలో 37-31తో ఓడిన మ్యాచ్ రెండు అదనపు పీరియడ్ల దాకా సాగింది. పాత అభిమానులు దాన్ని ఇప్పటికీ తవ్వుకుంటూనే ఉంటారు.

ఒక తమాషా విషయం. ఆటగాడి పేరు మీద శాక్‌లు ఎన్ని అని ఆ లీగ్ అధికారికంగా లెక్క రాయడం మొదలుపెట్టింది 1982లో. జో ఆ లీగ్ వదిలింది కూడా ఆ చుట్టుపక్కలే. అంటే పోస్టర్ హీరోలని పడేసిన ఆయన మంచి రోజులన్నీ అధికారిక పుస్తకంలో సున్నా. స్కోర్‌కార్డ్ ఎంత అల్పమైనదో చెప్పడానికి నాకు ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకలేదు.

ఆటలో వెలిగిన ఆ రోజుల్లో బయట జీవితం ఎలా ఉందో కూడా ఆయనే చెప్పాడు. పార్టీలు, మత్తు, టీంలో అందరికంటే గట్టిగా అరిచే నోరు. బేస్‌మెంట్‌లో మొదలైన పాఠం బాగానే ఒంటబట్టింది.

1978లో తమ్ముడు బిల్లీకి క్యాన్సర్ అని తేలింది. ఇంకా టీనేజ్ దాటుతున్న కుర్రాడు. వైద్యం బాల్టిమోర్‌లోనే, జాన్స్ హాప్కిన్స్ ఆస్పత్రిలో. అన్నయ్య పగలు ప్రాక్టీస్‌కి, సాయంత్రం ఆస్పత్రికి. క్వార్టర్‌బ్యాక్‌ని ఆపగలిగే మనిషి మంచం పక్కన కూర్చుని దేన్నీ ఆపలేకపోయాడు. బిల్లీ ఆ ఏడాదే చనిపోయాడు.

ఇక్కడినుంచి నాకు జోని ‘ఆడాడు, పాడాడు’ అని రాయాలనిపించడం లేదు. ‘ఆయన’ అంటాను.

తమ్ముడి చావు తర్వాత ఆయనకి ఒక ప్రశ్న పట్టుకుంది. ఇన్నాళ్లూ నేను మగతనం అనుకున్నది ఈ ఆస్పత్రి గదిలో ఎందుకు పనికొచ్చింది? బలం పనికిరాలేదు. పేరు పనికిరాలేదు. డబ్బు కొంతవరకే. ఆయన ముందు చేసిన పని, జబ్బుపడిన పిల్లల తల్లిదండ్రులు ఆస్పత్రి దగ్గర ఉండేందుకు బాల్టిమోర్‌లో రొనాల్డ్ మెక్‌డొనాల్డ్ హౌస్ మొదలుపెట్టడంలో చేయి వేయడం. మన నీలోఫర్, నిమ్స్ గేట్ల ముందు పేపర్ పరుచుకుని పడుకునే అమ్మానాన్నల్ని చూసినవాళ్లకి అలాంటి ఇల్లు విలువ వేరే చెప్పక్కర్లేదు. ఆ తర్వాత థియాలజీ చదివి పాస్టర్ అయ్యారు. 1980ల్లో భార్య పౌలాతో కలిసి తూర్పు బాల్టిమోర్‌లో ‘ది డోర్’ అనే కేంద్రం నడిపారు. ‘ది వైర్’ సిరీస్ చూశారా? ఆ సిరీస్‌లో కనిపించే బాల్టిమోర్ గుర్తుందా, మూతపడ్డ ఇళ్లు, మూలమూలనా డ్రగ్స్? ఆ ఊరే.

1984 మార్చిలో ఒక రాత్రి కోల్ట్స్ ఓనర్ సామాను మొత్తం లారీల్లో సర్దించి టీంని ఇండియానాపొలిస్‌కి పట్టుకెళ్లిపోయాడు. తెల్లారి లేచి చూస్తే ఊళ్లో టీం లేదు. ఇప్పటికీ ఆ ఊరివాళ్లకి లారీ కంపెనీ పేరు వింటే మండుతుంది. టీం పోయింది, జో మాత్రం ఆ ఊళ్లోనే ఉండిపోయారు.

ఇక అసలు సంగతికి వద్దాం. 1990ల్లో ఆయన గిల్మన్ స్కూల్‌కి డిఫెన్స్ కోచ్‌గా వెళ్లారు. వాలంటీర్‌గా, అంటే జీతం లేకుండా. హెడ్ కోచ్ బిఫ్ పాగీ ఆయన స్నేహితుడు, అదే స్కూల్లో చదువుకున్నవాడు, ఫైనాన్స్ వ్యాపారంలో సంపాదించినవాడు. ఇద్దరూ కలిసి నడిపిన ఆ హైస్కూల్ టీం మామూలు టీం కాదు. ఎందుకు కాదో చెప్తా.

అమెరికా హైస్కూల్ టీంలో సెలక్షన్ ట్రయల్స్ ఉంటాయి, పనికిరారనుకున్నవాళ్లని తీసేస్తారు. ఇక్కడ తీసేయడం లేదు. వచ్చిన ప్రతి పిల్లాడూ టీంలో ఉంటాడు. ఆఖరి ఏడాది చదువుతున్నవాళ్లని బెంచి మీద కూర్చోబెట్టి, మ్యాచ్ గెలిచేశాక చివరి రెండు నిమిషాలు జాలిగా దింపడం కాదు, ఆట నడుస్తుండగానే ఆడించేవాళ్లు.

మ్యాచ్‌కి ముందు కోచ్‌లు పిల్లల్ని చుట్టూ కూర్చోబెట్టుకుని ఒక ప్రశ్న అడిగేవారట. కోచ్‌లుగా మా పని ఏంటి అని. పిల్లలంతా గొంతు చించుకుని చెప్పే జవాబు, మమ్మల్ని ప్రేమించడం అని. మరి మీ పని ఏంటి? ఒకళ్లనొకళ్లం ప్రేమించుకోవడం. ఇదంతా అయ్యాక హెల్మెట్లు పెట్టుకుని వెళ్లి అవతలివాళ్లని ఉతికి ఆరేసేవాళ్లు. కొన్ని సీజన్లు ఒక్క ఓటమి కూడా లేకుండా ముగించారు.

నవ్వొస్తోంది కదా? నాకూ మొదటిసారి చదివినప్పుడు కాస్త ఎబ్బెట్టుగానే అనిపించింది. మనకి ప్రేమ అన్న మాట సినిమావాళ్లు కొనేసుకున్న మాట. ఆ మాట విన్నామంటే వెనక వయొలిన్ మోగాలి, స్విట్జర్లాండ్ కనపడాలి. మా నాన్న నాతో ఎప్పుడూ ఆ మాట అనలేదు. ఫోన్ చేస్తే “తిన్నావా?” అంటాడు. తర్వాత “డబ్బులున్నాయా?” అంటాడు. ఆ తర్వాత “ఇదిగో అమ్మకి ఇస్తున్నా” అంటాడు. మొత్తం పదకొండు సెకన్లు. ఆ “తిన్నావా”లో ఉన్నదేంటో నాకు తెలుసు, మీకూ తెలుసు. కానీ పద్నాలుగేళ్లప్పుడు, మార్కులు తగ్గినప్పుడు, అది తెలిసేది కాదు. ఆ వయసులో విడమరచి చెప్పాలి. జో చేసింది అదే, ఆ మాటని గ్రౌండ్ మధ్యలో పెట్టి మగపిల్లల చేత గట్టిగా అనిపించారు.

ఆ టీంలో ఇంకో పద్ధతి ఉంది, నాకు అన్నిటికంటే నచ్చింది అదే. స్కూల్ క్యాంటీన్‌లో ఏ పిల్లాడైనా ఒంటరిగా కూర్చుని తింటుంటే, ఫుట్‌బాల్ టీం వాళ్లు చూస్తూ ఊరుకోకూడదు. వాడు ఎవడైనా సరే, తెలియకపోయినా సరే, మీ టేబుల్‌కి పిలవాలి లేదంటే మీరే వెళ్లి వాడి పక్కన కూర్చోవాలి. అమెరికన్ హైస్కూల్ సినిమాలు చూసినవాళ్లకి తెలుసు, ఫుట్‌బాల్ కుర్రాళ్ల టేబుల్ అంటే అక్కడ రాజుల దర్బారు. ఆ దర్బారు నుంచి ఒకడు ట్రే పట్టుకుని లేచి మూలకున్న పిల్లాడి దగ్గరికి నడవాలంటే, శాక్ చేయడం కంటే ఎక్కువ గుండె కావాలి.

ఇది చదివినప్పుడు నాకు మా ఇంటర్ హాస్టల్ గుర్తొచ్చింది. మా రూమ్‌లో ఉండే ఒక అబ్బాయికి తాతయ్య పోయాడు. ఎగ్జామ్స్ దగ్గర పడ్డాయని ఇంటికి పంపలేదు. రాత్రి దుప్పటి ముసుగేసుకుని ఏడుస్తుంటే వార్డెన్ వచ్చి, “ఏంట్రా ఆడపిల్లలా, మగాడివి కదా, లేచి స్టడీ అవర్‌కి రా” అన్నాడు. మర్నాడు మెస్‌లో వాడు చివరి బల్ల మీద ఒక్కడే కూర్చున్నాడు. మాకు ఏం మాట్లాడాలో తెలియదు. అప్పుడు సెకండియర్ అన్న ఒకడు, వాలీబాల్ ఆడేవాడు, మాతో పెద్దగా పరిచయం కూడా లేదు, పళ్లెం పట్టుకుని వెళ్లి వాడి పక్కన కూర్చున్నాడు. ఏమీ అడగలేదు. సాంబారు నీళ్లలా ఉందని తిట్టాడు. తన అప్పడం వాడి పళ్లెంలో వేశాడు. వారం రోజులపాటు రోజూ వచ్చి కూర్చున్నాడు. ఆ అన్నకి గిల్మన్ అనే స్కూల్ ఉందనీ, జో ఎర్మన్ అనే మనిషి ఉన్నాడనీ తెలిసే ఛాన్సే లేదు. ఆయనకి ఎవరు నేర్పారో మరి.

జో చెప్పే ఇంకో మాట ఉంది. మగపిల్లలకి సమాజం మూడు అబద్ధాలు నేర్పుతుందట. చిన్నప్పుడు గ్రౌండ్‌లో గెలిచినవాడే మగాడు. కాస్త పెద్దయ్యాక ఎంతమంది అమ్మాయిలు పడ్డారన్న లెక్కే మగతనం. ఇంకా పెద్దయ్యాక పర్సులో ఎంత ఉందన్నదే కొలత. ఆయన ఇంగ్లిష్‌లో మూడూ ఒకే అక్షరంతో వచ్చేలా చెప్తారు. నేను తెలుగులో ‘ఆట, అమ్మాయి, ఆస్తి’ అని పెట్టుకున్నాను. మన దగ్గర మొదటి మెట్టు కాస్త మార్చాలి. ఆటలో గెలిచినవాణ్ని మనవాళ్లు పెద్దగా పట్టించుకోరు, గేమ్స్ పీరియడ్‌ని లెక్కల సార్ లాక్కున్నా ఎవరూ అడగరు. మన దగ్గర ఆట స్థానంలో ర్యాంకు ఉంటుంది. ఫ్లెక్సీ మీద ఫొటో పడ్డవాడు మగాడు, పడనివాడు చుట్టాల పెళ్లికి రాడు. తర్వాత రెండూ సేమ్ టు సేమ్. రెండో అబద్ధానికి మన సినిమాలు ఎంత సాయం చేశాయో, వద్దన్న అమ్మాయి వెంట పడడాన్ని హీరోయిజం అని ఎన్నేళ్లు అమ్మాయో, అది ఇంకో వారానికి సరిపడా సరుకు.

అబద్ధాలకి బదులు ఆయన పెట్టిన కొలతలు రెండే. నువ్వు ఎలాంటి కొడుకువి, స్నేహితుడివి, భర్తవి, తండ్రివి అన్నది ఒకటి. నీ సొంత గొడవ దాటి దేనికోసమైనా నిలబడ్డావా అన్నది రెండోది. ఈ రెండూ స్కోర్‌బోర్డ్ మీద పట్టవు.

ఈ కథ బయటికొచ్చిన తీరు కూడా సినిమాలాగే ఉంటుంది. 1970ల్లో కోల్ట్స్ టీంకి బంతులు అందించే పనికి ఒక చిన్న కుర్రాడు వచ్చేవాడు. పేరు జెఫ్రీ మార్క్స్. స్టార్లు చాలామంది బాల్‌బాయ్‌ని పట్టించుకోరు. జో మాత్రం వాడితో జోకులేసేవాడు, తన మనిషిలా చూసుకునేవాడు. ఆ కుర్రాడు పెద్దయి జర్నలిస్టయ్యాడు. కెంటకీ యూనివర్సిటీ బాస్కెట్‌బాల్ ఆటగాళ్లకి చాటుగా డబ్బులిస్తున్న వ్యవహారాన్ని బయటపెట్టి 1986లో సహచరుడితో కలిసి పులిట్జర్ కొట్టాడు. 2001లో పాత మెమోరియల్ స్టేడియాన్ని కూల్చేస్తున్నారని తెలిసి, చిన్నప్పటి హీరోలు ఎక్కడున్నారా అని వెతకడం మొదలుపెట్టాడు. జో దొరికారు. పిల్లలకి ప్రేమ గురించి చెప్తున్న కోచ్‌గా. ఆ సీజన్ మొత్తం గిల్మన్ టీంతో తిరిగి రాసిన పుస్తకమే ‘సీజన్ ఆఫ్ లైఫ్’. 2004లో వచ్చింది. అదే ఏడాది ‘పరేడ్’ మ్యాగజైన్ జోని కవర్ మీద వేసి, అమెరికాలో అందరికంటే ముఖ్యమైన కోచ్ ఈయనే అంది. ఒక హైస్కూల్ టీంలో హెడ్ కోచ్ కూడా కాని మనిషిని!

ఇంతవరకూ పొగిడాను కదా, ఇప్పుడు నాకున్న రెండు అభ్యంతరాలు. మొదటిది, గిల్మన్ ప్రైవేట్ స్కూల్, కలిగినవాళ్లు పంపే స్కూల్. 1897 నుంచి నడుస్తున్న పేరున్న చోటు. చుట్టూ పచ్చిక, మంచి గ్రౌండ్, జీతం అడగని కోచ్. అక్కడ ప్రేమ పాఠం చెప్పడం తేలిక, అరవైమందికి ఒక్క పగిలిన బంతి ఉన్న బడిలో చెప్పమనండి చూద్దాం అనిపిస్తుంది. దీనికి జవాబు ఆయన జీవితంలోనే ఉందనుకోండి. గిల్మన్‌కి ముందు, తూర్పు బాల్టిమోర్ వీధుల్లో ఆయన గడిపిన ఏళ్లు తక్కువేం కాదు. డబ్బున్న ఇంటి పిల్లాడికి కూడా బేస్‌మెంట్ ఉంటుంది, గుద్దులు నేర్పే నాన్న ఉంటాడు.

రెండో అభ్యంతరానికి మాత్రం నాకు జవాబు దొరకలేదు. అదే ఆట. తలలు ఢీకొట్టుకునే ఆట. మైక్ వెబ్‌స్టర్ అనే మాజీ ఆటగాడి మెదడులో పదేపదే తగిలిన దెబ్బల ఆనవాళ్లు కనిపెట్టి డాక్టర్ బెన్నెట్ ఒమాలు 2005లో పేపర్ అచ్చేసిన దగ్గర్నుంచి, అమెరికాలో అమ్మానాన్నలు ఈ ఆటకి పిల్లల్ని పంపాలా వద్దా అని కొట్టుకుంటూనే ఉన్నారు. విల్ స్మిత్ ‘కంకషన్’ సినిమా ఆ డాక్టర్ కథే. ఒకళ్లనొకళ్లు ప్రేమించుకోండి అని చెప్పి, ఇప్పుడు వెళ్లి వాణ్ని పడేయండి అనడం ఎలా కుదురుతుంది? మా పెద్దమ్మ మనవడు డల్లాస్ దగ్గర హైస్కూల్లో చదువుతున్నాడు. ఫుట్‌బాల్ టీంలో చేరతానన్న రోజు వాళ్లింట్లో జరిగిన యుద్ధం వాట్సాప్ ఫ్యామిలీ గ్రూప్‌లో లైవ్ నడిచింది. గుంటూరు నుంచి మా పెద్దమ్మ వాయిస్ మెసేజ్, “తల పగిలితే ఐఐటీ సంగతేంట్రా?” అని. ఐఐటీ అక్కడ లేదని ఎవరూ చెప్పే ధైర్యం చేయలేదు. చివరికి రాజీ కుదిరింది. వాడిప్పుడు అదే టీం మ్యాచ్‌ల్లో బ్యాండ్‌లో ట్రాంబోన్ వాయిస్తున్నాడు.

కోచ్ అన్న మాట మనకి సినిమాల్లోంచి వచ్చింది. ‘గోల్కొండ హైస్కూల్’లో సుమంత్, ‘మైదాన్’లో అజయ్ దేవగణ్. ఓడిపోయే టీం, ఒక స్పీచ్, ఇంటర్వెల్, గెలుపు. కానీ గెలుపు తీసేస్తే ఆ కోచ్‌లో ఏం మిగులుతుందో సినిమా చెప్పదు. జో 2011లో రాసిన ‘ఇన్‌సైడ్ఔట్ కోచింగ్’ పుస్తకంలో పట్టుకున్నది ఆ విషయాన్నే. కోచ్‌లు రెండు రకాలట. పిల్లాణ్ని వాడుకుని తన పేరు పెంచుకునేవాడు ఒకడు. ఆటని వాడుకుని పిల్లాణ్ని పెంచేవాడు ఇంకొకడు. ప్రతి కోచ్ తనని తాను అడగాల్సిన ప్రశ్నలు కూడా ఇచ్చారు. నేను ఈ పని ఎందుకు చేస్తున్నాను, ఇలాగే ఎందుకు చేస్తున్నాను, నా చేతి కింద ఉండడం పిల్లలకి ఎలా ఉంటుంది, గెలుపంటే నా దృష్టిలో ఏంటి. మూడో ప్రశ్న చూశారా? కోచ్ అనే మాట తీసేసి నాన్న, టీచర్, టీం లీడ్, సీనియర్ ఏది పెట్టినా పనిచేస్తుంది. మా ఆఫీసులో అప్రైజల్ ఫారంలో ఈ ఒక్క ప్రశ్న ఉంటే సగం మంది మేనేజర్లు ఆ రోజు సిక్ లీవ్ పెడతారు.

ఆ తర్వాత ఆయన ఒక్క స్కూల్‌కే పరిమితం కాలేదు. కోచ్‌లకి పాఠాలు చెప్పడం మొదలుపెట్టారు. జోడీ రెడ్‌మన్ అనే ఆవిడతో కలిసి, తను ఒకప్పుడు ఆడిన లీగ్ ఫౌండేషన్ సాయంతో, రాష్ట్రాల స్థాయిలో స్కూల్ ఆటల తీరు మార్చే ప్రయత్నం చేశారు. 2015లో వచ్చిన ‘ది మాస్క్ యూ లివ్ ఇన్’ అనే డాక్యుమెంటరీ మొదలయ్యేది జో ముఖంతోనే. తెల్లబడిన జుట్టు, ఇప్పటికీ తలుపంత వెడల్పున్న భుజాలు, ఐదేళ్లప్పటి ఆ బేస్‌మెంట్ కథ.

ఆయన బాల్టిమోర్ టెడెక్స్‌లో మాట్లాడిన వీడియో యూట్యూబ్‌లో ఉంది. ‘బి ఎ మ్యాన్’ అని కొట్టండి, జో ఎర్మన్ అని కలపండి. పావుగంట కూడా పట్టదు. ఇంగ్లిష్ నెమ్మదిగానే ఉంటుంది, ఊరి పెద్దాయన అరుగు మీద కూర్చుని చెప్తున్నట్టు. పక్కన మీ తమ్ముడో, రూమ్మేటో ఉంటే ఒక ఇయర్‌ఫోన్ వాడికివ్వండి. చూశాక మీ పీఈటీ సార్ గురించో, మీ హాస్టల్ అన్న గురించో ఏదైనా గుర్తొస్తే కింద రాయండి, నేను అన్నీ చదువుతాను. వచ్చే వారం, ముందే చెప్పినట్టు, అమ్మాయి వెంట పడే హీరోల సంగతి చూద్దాం.